ఆ వయొలిన్ తీసేయండి

పట్టాలు అందుకున్న పిల్లలందరికీ నా దీవెనలు. మర్యాదలు ఇంతటితో చాలిస్తాను. నాకిచ్చింది పావుగంట, నేను చెప్పాల్సింది ఒకే మాట.

నాకు పంతొమ్మిదో ఏట క్షయ వచ్చింది. మదనపల్లె దగ్గర ఆరోగ్యవరం శానటోరియంలో ఎనిమిది నెలలు మంచం పట్టాను. మధ్యాహ్నం విశ్రాంతి వేళ ఎవరూ నోరు మెదపకూడదు. మొదటి నెల ఆ మౌనం నన్ను చంపేసింది. రెండో నెలకు చెవులు తెరుచుకున్నాయి. అడుగుల చప్పుడు విని ఏ నర్సమ్మ వస్తోందో చెప్పగలిగేవాణ్ణి.

పక్క మంచం మీద పలమనేరు వైపు రైతు ఒకాయన ఉండేవాడు. మామా అని పిలిచేవాణ్ణి. ఒకరోజు ఆయన కొడుకు చూడటానికి వచ్చాడు. ఇద్దరూ గంటసేపు ఎదురెదురుగా కూర్చున్నారు. మాటా పలుకూ లేదు. లేచేముందు కొడుకు అన్నాడు: "ఎద్దు మేత ముట్టడం ల్యా నాయనా."

"నీళ్లు తాగతా ఉండాదా?"

"తాగతా ఉండాది."

అంతే. కొడుకు వెళ్లిపోయాడు. మామ గోడవైపు తిరిగి పడుకున్నాడు. ఆ రోజు అన్నం ముట్టలేదు.

పదేళ్ల తర్వాత రేడియోకు నా మొదటి నాటిక రాశాను. ఈ తండ్రీ కొడుకుల కథే. కొడుకు చేత "నువ్వు లేక ఇల్లు బోసిపోయింది నాయనా" అనిపించాను. ప్రొడ్యూసర్ చదివి, "ఆ అబ్బాయి ఈ మాట అన్నాడా?" అని అడిగారు. అనలేదన్నాను. "మరి నువ్వెందుకు అనిపించావు?" నా దగ్గర జవాబు లేదు. ఆ తర్వాత నేను రాసిన ప్రతి పేజీ ఆ ప్రశ్నకు జవాబు వెతుక్కుంటూ రాసిందే.

కొన్నేళ్లకు లండన్‌లో ఉండే స్నేహితుడొకడు క్యాసెట్లు తెచ్చిచ్చాడు. 'హాన్‌కాక్స్ హాఫ్ అవర్' అనే బీబీసీ హాస్య కార్యక్రమం. రాసినవాళ్లు రే గాల్టన్, ఆలన్ సింప్సన్. వాళ్లిద్దరి కథ తెలిశాక నా వెన్ను జలదరించింది. 1948లో ఇంగ్లండ్ సర్రే ప్రాంతంలోని మిల్‌ఫర్డ్ శానటోరియంలో క్షయ రోగులుగా కలుసుకున్నారు. ఇద్దరికీ ఇరవై నిండలేదు. మంచాల మీద పడుకుని రేడియో విన్నారు. ఆస్పత్రి రేడియోకు హాస్యం రాశారు. అప్పటికే పేరున్న రచయితలు ఫ్రాంక్ మ్యూర్, డెనిస్ నార్డెన్‌లకు సలహా అడుగుతూ ఉత్తరం రాశారు. వాళ్లు జవాబిచ్చి, బీబీసీలో ఎవరికి పంపాలో చెప్పారు.

1954 నవంబరులో హాస్యనటుడు హాన్‌కాక్‌తో ఆ కార్యక్రమం మొదలైంది. అప్పటి రేడియో హాస్యమంటే నాలుగు జోకులు, నడుమ ఒక పాట, మళ్లీ నాలుగు జోకులు. వీళ్లు పాటలు తీసేశారు. అరగంటా ఒకే కథ, అందులోంచే నవ్వు పుట్టాలన్నారు. 1958లో ఆదివారం మధ్యాహ్నం మీద ఒక భాగం రాశారు. బయట వాన, లోపల నలుగురికీ ఏమీ తోచదు. నిట్టూర్పులు, ఆవలింతలు, మధ్యలో పొడుగాటి మౌనాలు. బొమ్మ లేని రేడియోలో మౌనం పెట్టడమంటే ఎంత గుండె కావాలో ఆలోచించండి!

వాళ్లు పనిచేసే తీరు కూడా అంతే. సింప్సన్ టైపు మిషను ముందు కూర్చునేవాడు. ఇద్దరికీ నచ్చితేనే వాక్యం కాగితమెక్కేది. నచ్చే మాట దొరికేదాకా గంటలకొద్దీ ఊరకే కూర్చునేవారు.

1961లో హాన్‌కాక్‌తో దారులు వేరయ్యాయి. ఏం రాస్తారో మీ ఇష్టమని బీబీసీ వాళ్లకు టీవీలో విడి నాటికల వరస ఒకటి అప్పగించింది. అందులో ఒకటి, 1962 జనవరిలో వచ్చిన 'ది ఆఫర్'. పాత సామాన్లు కొనే తండ్రీ కొడుకులు. కొడుకు ఇల్లు విడిచి పోతానని తన సామానంతా బండి మీద వేస్తాడు. తండ్రి గుర్రాన్ని ఇవ్వడు. కొడుకు తనే లాగుతాడు, బండి కదలదు. అక్కడే కూలబడి ఏడుస్తాడు. తండ్రి లోపలికి తీసుకెళ్తాడు, టీ పెడతానని. హాస్య నాటికలో కొడుకు వేషం వేసిన హ్యారీ హెచ్. కార్బెట్ కార్చినవి నిజం కన్నీళ్లు. రాసినవాళ్లే నివ్వెరపోయారు. ఆ ఒక్క నాటికే 'స్టెప్టో అండ్ సన్' ధారావాహికగా పెరిగి 1974 దాకా నడిచింది.

ఇంత నెమ్మది రాత జనానికి ఎక్కుతుందా అంటారేమో. 1964 ఎన్నికల నాడు స్టెప్టో వేస్తే తన ఓటర్లు ఇల్లు కదలరని లేబర్ పార్టీ నాయకుడు హెరాల్డ్ విల్సన్ భయపడ్డాడు. బీబీసీ దాన్ని రాత్రి ఆలస్యంగా వేసేలా చేశాడు. జనం నెమ్మదిని భరించలేరన్నది వట్టి మాట. భరించలేనిది మనం.

ఇక మీ సంగతి. మీ విభాగం వాళ్లు పంపిన మీ రేడియో నాటికలు పదీ విన్నాను. చక్కని గొంతులు, శుభ్రమైన రికార్డింగు. కానీ ఒక్కదాంట్లోనైనా రెండు సెకన్ల ఖాళీ లేదేమిటి నాయనా? కొడుకు పోయిన కబురు తల్లి చెవిన పడీ పడకముందే వయొలిన్ ఏడవడం మొదలుపెడుతుంది. ఎందుకమ్మా ఆ వయొలిన్? ఆ తల్లిని ఊపిరి పీల్చుకోనివ్వరా? వినేవాడికి గుండె లేదనుకున్నారా? దుఃఖం ఎక్కడ పడాలో మీరే గీత గీసి చూపిస్తే, వాడు తన దుఃఖాన్ని ఎక్కడ పెట్టుకుంటాడు? కోపం కాదు పిల్లలూ, బెంగ. మీకు మాటలు వచ్చు, మిషన్లు వచ్చు. ఆగడం రావడం లేదు. ఆగనివాడు వినలేడు. విననివాడు ఎద్దు గురించిన ఆ రెండు మాటలు రాయలేడు.

మ్యూర్, నార్డెన్ ఆ ఇద్దరు రోగుల ఉత్తరాన్ని ఏ మూలో పడేసి ఉండొచ్చు. పడేయలేదు. అందుకే మీలో ఎవరు స్క్రిప్టు పంపినా నేను చదువుతాను, నా చేత్తో జవాబు రాస్తాను. ఇది ఈ సభలో అందరి ముందూ ఇస్తున్న మాట. మొదట ఆ తల్లి నాటికే పంపండి. వయొలిన్ తీసేసి, కబురు విన్నాక ఆమె ఏం చేసిందో కనుక్కుని పంపండి.