పొగ ఎవరిది? క్లారా గూయిన్ ఉద్యమం, ఒక పదవివాదం

ఈ స్మారకోపన్యాసం ఏ ఆచార్యుని పేరున ఏర్పాటైనదో ఆ పేరు ముఖపత్రం మీదనే ఉన్నది కనుక ఆయన గ్రంథాలను ఇక్కడ మళ్ళీ ఏకరువు పెట్టనవసరం లేదు. పారిభాషిక పదాన్ని తూచి వాడాలన్న ఆయన పట్టుదలను మాత్రం తలచుకోక తప్పదు. విద్యార్థుల వ్యాసాలలో పదం పక్కన ఆయన ఎర్రసిరాతో పెట్టిన ప్రశ్నార్థకాలే ఈ ఉపన్యాసానికి మూలం. ఇతరులు వదిలిన పొగను పీల్చడానికి వాడే ‘పరోక్ష ధూమపానం’ అనే పదంపై ఈ వక్తకు ఏళ్ళుగా ఉన్న ఆక్షేపణను, క్లారా గూయిన్ ఉద్యమం ఆధారంగా, సభ ముందుంచడమే ఇక్కడి ఉద్దేశం.

పొగతాగడానికీ ఊపిరితిత్తుల కేన్సర్‌కూ గల సంబంధాన్ని 1950లో డాల్, హిల్ పరిశోధనా 1964లో అమెరికా సర్జన్ జనరల్, అంటే ఆ దేశపు ప్రజారోగ్య ప్రధానాధికారి, వెలువరించిన నివేదికా వెల్లడించిన సంగతి సుపరిచితమే. క్లారా గూయిన్ మేరీలాండ్ రాష్ట్రానికి చెందిన గృహిణి. తండ్రి ఊపిరితిత్తుల కేన్సర్‌తో మరణించగా, కూతురికి ఇతరుల సిగరెట్ పొగ పడకపోగా, ఆమె 1971లో పరిచయస్థులను కూడగట్టి ‘గ్యాస్ప్’ అనే సంఘాన్ని స్థాపించి ‘ది వెంటిలేటర్’ అనే పత్రికను నడిపారు. ఊపిరాడక ఎగశ్వాస తీయడమని అర్థమిచ్చే ఆ పొట్టిపేరును విప్పితే ‘పొగతాగేవారి కాలుష్యానికి వ్యతిరేక సంఘం’ అవుతుంది. తొలి ధరిత్రీ దినోత్సవం 1970 ఏప్రిల్ 22న జరిగిన మరుసటి ఏడాదే పుట్టిన ఈ సంఘం, కర్మాగారపు గొట్టానికి వర్తించిన ‘కాలుష్యం’ అనే మాటను సిగరెట్టుకు వర్తింపజేసింది.

విజ్ఞానశాస్త్రం ముందు హానిని నిరూపించిందని, ప్రజలు ఆ తరువాతే కదిలారని, చట్టం చివరకు వచ్చిందని చెప్పే కథనం ప్రచారంలో ఉన్నది. అయితే తేదీలు దానికి అనుకూలించవు. పొగతాగని 91,540 మంది జపాన్ గృహిణులను పరిశీలించి, భర్తల పొగ వల్ల భార్యలకు ఊపిరితిత్తుల కేన్సర్ ముప్పు పెరుగుతుందని పరిశోధకుడు హిరయామా ప్రకటించినది 1981లో. మిన్నెసోటా రాష్ట్రం గదులలోని గాలి శుభ్రత కోసం చట్టం చేసినది 1975లోనే. భోజనశాలలలోని గాలిలో పొగ రేణువులను కొలిచి పరిశోధకులు రెపేస్, లౌరీ 1980లో ప్రకటించిన ఫలితాలు సైతం ఉద్యమం లేవనెత్తిన ప్రశ్నకు జవాబుగా వచ్చినవే.

నిరూపణకు ముందే పుట్టినది కనుక ఆ ఉద్యమం మర్యాదకు సంబంధించినదే తప్ప ఆరోగ్యానికి సంబంధించినది కాదనే ఆక్షేపణ రావచ్చు. పొగాకు పరిశ్రమ ఆనాడు సరిగ్గా ఇదే వాదాన్ని ఆశ్రయించి, సమస్యను పరస్పర మర్యాదకు వదిలిపెట్టమన్నది. కానీ పక్కవాడి గాలిని చెరచడం తప్పని చెప్పడానికి కేన్సర్ లెక్కలు రానక్కరలేదు. ఆరోగ్యానికి హానికరంగా గాలిని పాడుచేసినవారికి 1860 నాటి భారత శిక్షాస్మృతి 278వ సెక్షన్ 500 రూపాయల వరకు జరిమానా నిర్ణయించింది. హిరయామా పరిశోధన లేనిదే చట్టాలు ఇంత విస్తరించేవి కావన్నది నిజమే. అయినా విస్తరణకు తోడ్పడినంత మాత్రాన అది ఉద్యమానికి పుట్టుక కాజాలదు.

పదం ముఖ్యమైనది ఇక్కడే. తెలుగులో పొగను ‘తాగుతారు’. ‘పరోక్ష ధూమపానం’ అన్నప్పుడు పొగ మింగవలసి వచ్చినవాడే వ్యాకరణరీత్యా తాగినవాడై, వదిలినవాడు వాక్యంలో కనిపించకుండా పోతాడు. ‘కాలుష్యం’ అంటే మాత్రం, అది ఎక్కడి నుంచి వచ్చిందన్న ప్రశ్న పదంతోపాటే వస్తుంది. వైద్యగ్రంథాలలో స్థిరపడిన పదాన్ని ఇప్పుడు కదపడం దేనికనేవారికి కేరళ ఉన్నత న్యాయస్థానం 1999 జూలై 12న ఇచ్చిన తీర్పే సమాధానం. వైద్యసాక్ష్యాన్ని విస్తారంగా చర్చించిన ఆ తీర్పు, బహిరంగ ధూమపానాన్ని శిక్షాస్మృతిలోని ప్రజాపీడ కిందికి, 1981 వాయు కాలుష్య చట్టంలోని నిర్వచనం కిందికి తెచ్చింది. ఆ తరువాత వచ్చిన 2003 నాటి పొగాకు ఉత్పత్తుల చట్టం మాత్రం నేరాన్ని పొగతాగడంగానే పేర్కొని, జరిమానాను 200 రూపాయలకు పరిమితం చేసింది.

మూలాన్ని వెదకమనే పదం సిగరెట్టు కొస దగ్గర ఆగదు. ప్రకాశం జిల్లాలోనూ జంగారెడ్డిగూడెం ప్రాంతంలోనూ వర్జీనియా ఆకును బ్యారన్లలో, అంటే ఇటుకగోడల ఆరబెట్టు గదులలో, కట్టెల మంట వేడికి రోజుల తరబడి రేయింబవళ్ళు పండబెడతారు; ఆ మంటను కనిపెట్టుకుని ఉండే కూలీ పీల్చేది ఎవరూ తాగని పొగ. నిజామాబాద్, జగిత్యాల, సిరిసిల్ల ఇళ్ళలో తునికాకులో పొగాకు పొడి నింపి బీడీలు చుట్టే స్త్రీ పీల్చే దుమ్ములో అసలు పొగే లేదు. ‘ధూమపానం’ అనే మాట, ముందు ఏ విశేషణం చేర్చినా, ఈ ఇద్దరినీ చేరలేదు. గూయిన్ ఎంచుకున్న ‘కాలుష్యం’ చేరగలదు. ఈ వక్త ప్రస్తుతం కూర్చుతున్న పొగాకు వృత్తిపదకోశం బ్యారన్ కూలీల, బీడీ కార్మికుల మాటలను వారి పనివరుసలోనే సేకరిస్తున్నది. అందులో ‘పొగ’ అనే ఆరోపానికి, అంటే కోశంలోని పదానికి, మొదటి అర్థం, తాగేవాడి వైపు నుంచి కాక, ఆ మంట దగ్గర నిద్రకాచే మనిషి వైపు నుంచి రాయబడుతుంది.