గుంటూరు సీమ అడిగిన ప్రశ్న: 1921–22

జాతీయోద్యమంలో ఒక ప్రాంతం పాత్ర అనగానే జైలుకు వెళ్ళినవారి లెక్కలు, గాంధీజీ పర్యటించిన ఊళ్ళ జాబితాలు ముందుకొస్తాయి. వాటి విలువను కాదనను. కానీ ఉద్యమం ఎక్కడో తయారై వచ్చిందనీ, జిల్లాలు దాన్ని అందుకున్నాయనీ ఒక ఊహ వాటి వెనక ఉంది. నాటి గుంటూరు జిల్లాను దగ్గరగా చూస్తే ఆ ఊహ నిలవదు. రైతుకూ, నేతపనివాడికీ, పశువుల కాపరికీ స్వరాజ్యం వల్ల ఒరిగేదేమిటన్న ప్రశ్నను ఈ జిల్లా కాంగ్రెస్ ముందు నిలబెట్టింది. అప్పటికి కాంగ్రెస్ దగ్గర దానికి సిద్ధమైన జవాబు లేదు.

ఆ జిల్లాలోని చీరాల, పేరాల గ్రామాలను కలిపి 1919లో మునిసిపాలిటీ చేశారు. పన్ను అనేక రెట్లు పెరిగింది. నేతపనివారు, చిన్న రైతులు ఎక్కువగా ఉన్న ఊరు అది. మునిసిపాలిటీ వద్దని అర్జీలు పెట్టుకున్నారు, ఫలితం లేకపోయింది. 1921 మార్చి నెలాఖరున బెజవాడలో అఖిల భారత కాంగ్రెస్ సంఘం సమావేశమై కోటి మంది సభ్యులను, తిలక్ స్వరాజ్య నిధికి కోటి రూపాయలను, 20 లక్షల రాట్నాలను లక్ష్యంగా పెట్టుకుంది. ఆ తీర్మానంలో పన్నుల మాట లేదు. కొద్దిరోజులకే చీరాల వచ్చిన గాంధీజీ, ఊరు విడిచిపోవడం ఒక మార్గమని చెబుతూనే, దాని బాధ్యత కాంగ్రెస్‌ది కాదనీ స్పష్టం చేశారు. దుగ్గిరాల గోపాలకృష్ణయ్య నాయకత్వంలో జనం ఆ మార్గాన్నే పట్టారు. సుమారు 15,000 మందిలో అత్యధికులు ఇళ్ళు వదిలి, రామనగరమని పేరు పెట్టుకున్న పాకల్లో దాదాపు 11 నెలలు ఉన్నారు. ఎండలకూ వానలకూ ఓర్చి, సంపాదన పోగొట్టుకుని, బయటి సంస్థ ఏదీ పూచీ పడకపోయినా నిలబడిన ఆ మనుషులను అనుచరులని నేను అనలేను. పిలుపులో లేని పని వాళ్ళు చేశారు.

ఇదంతా స్థానిక పన్ను తగాదా, జాతీయ పోరాటమెలా అవుతుందని కొందరు చరిత్రకారులు అడుగుతారు. నాకు ఆ విభజనే ఒప్పుదల కాదు. అదే జిల్లాలోని పల్నాటి మనిషికి సామ్రాజ్యం లండన్ పార్లమెంటుగా ఎదురుపడలేదు, అడవిలో పుల్లరి, అంటే పశువుల మేత రుసుము, వసూలు చేసే ఉద్యోగిగా ఎదురుపడింది. తన పశువులను మేపుకోవడానికి ఎవరికి, ఎందుకు రుసుము కట్టాలని అడిగినవాడు పరప్రభుత్వ హక్కునే ప్రశ్నించాడు. పుల్లరి కట్టనన్న మించాలపాడు కన్నెగంటి హనుమంతు 1922 ఫిబ్రవరిలో పోలీసు తుపాకులకు బలయ్యాడు. రుసుము కోసమే అయితే అంత బలప్రయోగం దేనికి? ఆ నిరాకరణ ఎక్కడికి దారితీస్తుందో ప్రభుత్వానికి బాగా తెలుసు.

పెదనందిపాడు ప్రాంతంలో ఆ నిరాకరణ ఇంకా స్పష్టంగా కనిపిస్తుంది. 1921 నవంబరులో అఖిల భారత కాంగ్రెస్ సంఘం ఢిల్లీ సమావేశం అహింస, ఖద్దరు, హిందూ ముస్లిం ఐక్యత, అస్పృశ్యతా నివారణ వంటి షరతులతో శాసనోల్లంఘనకు రాష్ట్ర సంఘాలకు అనుమతిచ్చింది. పర్వతనేని వీరయ్య చౌదరి నాయకత్వంలో రైతులు శిస్తు ఆపారు. గ్రామోద్యోగులు పెద్ద సంఖ్యలో రాజీనామా చేశారు. ఇదే నాకు అన్నిటికన్నా ముఖ్యమైన సంగతి. కరణం, మునసబు లేకపోతే ఎవరి పొలమెంతో, ఎవరు ఎంత బాకీయో కలెక్టరుకు తెలిసే దారి మూసుకుపోతుంది. బ్రిటిషు పాలన ఊళ్ళో ఏ చేతుల మీద నడుస్తోందో ఈ రైతులు కనిపెట్టి, సరిగ్గా ఆ చేతులనే పక్కకు తప్పించారు. గాంధీజీ మాత్రం షరతుల విషయంలో జాగ్రత్తగా ఉండాలని ఆంధ్ర కాంగ్రెస్ నాయకులు కొండా వెంకటప్పయ్యగారికి రాశారు. చౌరీచౌరా హింస తర్వాత దేశమంతటా ఉద్యమం ఆగింది. ఇక్కడి శిస్తు వసూలైంది, చీరాల ప్రజలూ ఇళ్ళకు తిరిగి వచ్చారు.

అందుకని ఇది ఓటమి అనేవారున్నారు. శిస్తు లెక్క ప్రకారం ఓటమే. అయితే 1928లో బార్డోలీ రైతులు శిస్తు నిరాకరణతోనే గెలిచారు. గుంటూరు చూసి బార్డోలీ నేర్చుకుందని నేను అనడం లేదు, అలా అనడానికి ఆధారం కావాలి. ఆ ఆయుధం పల్లెల్లో పనిచేస్తుందని మాత్రం ఆరేళ్ళ ముందే ఇక్కడ తేలింది.

మరో ఆక్షేపణ బరువైనది. శిస్తు కట్టేవాడు భూమి ఉన్నవాడు, భూమిలేని కూలీకి ఇందులో ఏముంది? పెదనందిపాడు విషయంలో నేను దీన్ని చాలావరకు ఒప్పుకుంటాను. చీరాల నేతపనివారు, పల్నాటి కాపరులు ఆ జవాబును కొంత మారుస్తారు, పూర్తిగా మార్చరు. ఢిల్లీ షరతుల్లో అస్పృశ్యతా నివారణ కూడా ఉంది. శిస్తు ఆపిన ఊళ్ళలో ఆ షరతును ఎంతవరకు పాటించారో వెతకడం ఈ జిల్లా చరిత్ర రాసేవారి బాధ్యత. ఆ వెతుకులాట పెదనందిపాడు నుంచే మొదలుకావాలని నా కోరిక.