ఠాణా తలుపు మూస్తే న్యాయం దారి మూసుకపోదు
(చట్టాలపై అవగాహన సదస్సులో చేసిన ప్రసంగ పాఠం)



బిడ్డ సచ్చిపోయిందని, కొడుకు కనిపిస్తలేడని ఠాణా మెట్లెక్కిన తల్లిదండ్రులకు మొదట వినపడే మాట ఏంది? "సార్ లేడు, రేపు రాండ్రి." రెండో మాట, "పెద్దమనుషులల్ల కూసోని మాట్లాడుకోండ్రి." ఈ రెండు మాటల నడుమ సాక్ష్యం మాయమైతది. శవం కాలిపోతది, సాక్షి ఊరిడిసి పోతడు.

కేసు రాసుడు ఎస్ఐ మనకు చేసే మేలు కాదు, ఆయన డ్యూటీ. మైనర్ బిడ్డను ఎత్తుకపోయిన్రని ఒక తండ్రి ఇచ్చిన ఫిర్యాదును పట్టించుకోకపోతే లలిత కుమారి కేసు సుప్రీంకోర్టుకు ఎక్కింది. 2013 నవంబర్ 12న ఐదుగురు జడ్జీల ధర్మాసనం, వారంటు లేకుండ అరెస్టు చేయదగ్గ నేరమని ఫిర్యాదులనే తేలితే ఎఫ్ఐఆర్ రాయాల్సిందేనని తీర్పు చెప్పింది. 2024 జులై 1 నుంచి అమలైన భారతీయ నాగరిక్ సురక్షా సంహితల ఇది 173వ సెక్షన్. నేరం ఏ ఠాణా పరిధిల జరిగినా ఫిర్యాదు తీసుకోవాలె. ఎఫ్ఐఆర్ కాపీ ఉచితంగ ఇయ్యాలె. మూడేండ్ల నుంచి ఏడేండ్ల లోపు శిక్షపడే నేరాలకైతే డీఎస్పీ అనుమతితోని 14 రోజుల ప్రాథమిక విచారణ చేయొచ్చు. హత్యకు, వరకట్న చావుకు ఈ వెసులుబాటు లేదు.

ఎస్ఐ తీసుకోకపోతే? అదే ఫిర్యాదును రిజిస్టర్ పోస్టుల ఎస్పీకి పంపాలె. రశీదు పారేయకుండ్రి. అక్కడా కదలకపోతే అఫిడవిట్ జతచేసి మేజిస్ట్రేట్ కోర్టుకు పోవాలె. 175(3) కింద దర్యాప్తు చేయుమని ఆదేశించే అధికారం మేజిస్ట్రేట్‌కు ఉన్నది. పోలీసులతోని పనిలేకుండ 223 కింద నేరుగ ప్రైవేటు ఫిర్యాదు కూడ వేయొచ్చు.

కేసు రాసి మూలకు పడేసిన్రా? 2003ల మథుర రైల్వే స్టేషన్ల శవమై దొరికిన ఒక ఆర్మీ మేజర్ తండ్రి సీబీఐ దర్యాప్తు కావాలని పోరాడిండు. ఆ సకిరి వాసు కేసుల 2007ల సుప్రీంకోర్టు సీబీఐకి ఒప్పుకోలేదు. కాని దర్యాప్తు సక్కగ జరుగుతలేకపోతే దాన్ని పర్యవేక్షించే అధికారం మేజిస్ట్రేట్‌కే ఉన్నదని చెప్పింది. అందుకే మొదలే హైకోర్టుకు ఉరికితే "మేజిస్ట్రేట్ దగ్గరికి పోయిన్రా?" అని అడుగుతరు.

దర్యాప్తు ఎంతదాక వచ్చిందో 90 రోజులల్ల మీకు చెప్పాలె. కేసు మూసేస్తమని పోలీసులు రిపోర్టు పెడితే, ఫిర్యాదుదారు మాట వినకుండ కోర్టు దాన్ని ఒప్పుకోరాదు. 1985ల భగవంత్ సింగ్ కేసుల వచ్చిన తీర్పు ఇది. నోటీసు రాంగనే అభ్యంతర పిటిషన్ వేయుండ్రి.

వకీలుకు పైసల్లేవా? మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతోని సంబంధం లేకుండ న్యాయ సేవాధికార సంస్థ ఉచితంగ వకీలును ఇస్తది.

ఒక్క మాట మరువకుండ్రి. కోర్టు ఆర్డరిచ్చినా మల్ల అది ఆ ఠాణాకే వస్తది. ఏడ్సుకుంట కూసున్న తల్లిని ఒక్కదాన్నే పంపకుండ్రి. సదువుకున్నోళ్లు తేదీలు రాసిపెట్టుండ్రి, ఊరు ఎంబడి నడువుండ్రి.