జొన్న మల్లె మీద వేసిన నిందలు

కలుపు మొక్కల గురించి చెప్పమని మీ చంద్రశేఖరపురం సభకు నన్ను పిలిచారు. అన్నిటి గురించీ చెప్పను. జొన్న మల్లె ఒక్కదాని గురించే చెబుతాను. దాని మీద మన వైపు ఉన్నన్ని అపోహలు ఇంకే మొక్క మీదా లేవు. విని విని నాకూ ఓపిక అయిపోయింది.

ఇందాక బస్సు దిగగానే ఒక పెద్దాయన, "మా పొగాకు చేలో బోలెడు ఉంది సార్" అన్నారు. అయ్యా, అది పొగాకు మల్లె! రెండూ చుట్టాలే, కాదనను. కానీ పొగాకు మల్లెలో పచ్చదనం అన్నదే ఉండదు. పాలిపోయిన కాడ, ఊదా పూలు, తిండంతా పొగాకు వేరు నుంచే. జొన్న మల్లె జానెడు మొక్క. పచ్చటి గరుకు ఆకులు, తెల్లటి చిన్న పూలు. ఎండలో తన వంట కొంత తానే వండుకుంటుంది. నీళ్లూ లవణాలూ మాత్రం జొన్న వేరుకు నోరు పెట్టి లాగుతుంది, దాంతోపాటు అంతో ఇంతో తిండి కూడా. సగం పరాన్నజీవి అన్నమాట. వెనక బెంచీలో ఎవరో నవ్వుతున్నారు, "ఏదైతేనేం, పీకేసేదే కదా" అని. నవ్వండి. మామిడి కొమ్మ మీద బదనికదీ ఇదే బతుకు. మీలో శ్రీగంధం నాటిన వాళ్లు పక్కన కంది ఎందుకు వేశారు? శ్రీగంధం కూడా పొరుగు మొక్క వేరును పట్టుకుని బతికేదే కదా! దాన్ని నెత్తిన పెట్టుకుంటారు, దీన్ని తిడతారు.

రెండో అపోహ, జొన్న ఎండితే వాన లేకో దిష్టి తగిలో అనడం. దిష్టి సంగతి నన్ను అడక్కండి. పదును ఉన్న చేలోనే జొన్న వాడిపోతోందంటే భూమి లోపల చూడాలి. ఈ మొక్క పైకి తేలకముందే వారాల తరబడి మట్టిలో వేరును పీలుస్తూ ఉంటుంది. మనకు పువ్వు కనబడేసరికి జరగాల్సిన నష్టం చాలావరకు జరిగిపోయి ఉంటుంది.

ఇక్కడ మీకు అమెరికా కథ ఒకటి చెప్పాలి. అధ్యక్షుల వారు గడియారం చూస్తున్నారు, చూడనివ్వండి. 1956, ఆంధ్రప్రదేశ్ ఏర్పడిన సంవత్సరమే. ఉత్తర కరోలినాలో మొక్కజొన్న గిడసబారిపోతోంది. అక్కడ చదువుకోవడానికి వెళ్లిన మన దేశపు విద్యార్థి ఒకాయన ఆ చేలో మొక్కను చూసి, ఇది మా దగ్గర ఉండేదే అన్నాడు. అక్కడ పూలు ఎర్రవి, అంతే తేడా. అంత పెద్ద దేశానికి ఆనవాలు చెప్పింది మన పొలాలు చూసిన కన్ను! మరుసటి ఏడే అక్కడి ప్రభుత్వం ఆ ప్రాంతానికి కట్టడి పెట్టింది. 4,00,000 ఎకరాలకు పైగా సోకిందని తేలింది. అప్పుడేం చేశారు? కలుపు మందులు వాడారు, పీకారు, అది మామూలే. నాకు నచ్చింది తర్వాతి సంగతి. మట్టిలోకి ఇథిలీన్ వాయువు ఎక్కించారు. అవును, మామిడి కాయలు మగ్గడానికి పెట్టే గదుల్లో వాడేదే. ఆ వాయువు తగిలితే నిద్రపోతున్న గింజ మేలుకుంటుంది. మొలకెత్తుతుంది. పక్కన జొన్న వేరూ లేదు, మొక్కజొన్న వేరూ లేదు. నాలుగు రోజుల్లో చస్తుంది. ఏళ్ల తరబడి అలా చేసి దాన్ని కొన్ని వేల ఎకరాలకు కుదించారు.

అసలు గింజను మామూలుగా లేపేది ఎవరు? 1966లో పత్తి వేర్ల ఊటలో ఆ రసాయనం దొరికింది, పేరు స్ట్రైగాల్. పత్తి మీద ఈ మొక్క బతకదు కూడా! మరి ఏ వేరైనా శత్రువును లేపే మందు తానే ఎందుకు కారుస్తుంది? దాదాపు 40 ఏళ్లు ఈ ప్రశ్నకు జవాబు లేదు. 2005లో జపానులో అకియామా బృందం తేల్చింది. అలాంటి రసాయనాలతో వేరు పిలిచేది భాస్వరం తెచ్చిపెట్టే మంచి శిలీంధ్రాన్ని. పిలుపు ఒకరికి, విస్తరి ముందు వచ్చి కూర్చునేది ఇంకొకరు. నేలలో భాస్వరం తక్కువైతే వేరు ఇంకా గట్టిగా పిలుస్తుంది. ఇప్పుడు చెప్పండి, "ఎరువులు వేసి పుట్టించారు" అనే మాట ఎంత తలకిందులో! ఇది చేవ తగ్గిన నేలను మరిగిన మొక్క.

టైము లేదంటున్నారు, గబగబా చెప్పేస్తాను. ఒక్క మొక్క 50,000 దాకా గింజలు రాలుస్తుంది, మట్టిలో పదేళ్లకు పైగా బతుకుతాయి, కాబట్టి పూత రాకముందే పీకండి. పూసిన తర్వాత పీకి గట్టు మీద పారేస్తే విత్తనం చల్లినట్టే. జొన్న తర్వాత జొన్న వేయకండి, మధ్యలో పత్తి వేయండి, అది లేపుతుంది గానీ తిండి పెట్టదు. తట్టుకునే జొన్న రకాలున్నాయి. పటాన్‌చెరు ఇక్రిశాట్‌లో ఆ పని జరిగింది. ఆఫ్రికా కోసం అలాంటి రకాలు తీసిన గెబిసా ఎజెటాకు 2009లో ప్రపంచ ఆహార బహుమతి ఇచ్చారు.

మందులు కొట్టి దీన్ని పోగొట్టామని కొందరు మీసం తిప్పుతున్నారు. మీరు పోగొట్టింది జొన్నను. చొప్ప కోసమైనా పచ్చజొన్న వేసే చేలు ఎన్ని మిగిలాయి? పొగాకు, మిరప, సుబాబుల్ వచ్చాక జొన్న మల్లె కూడు లేక కనబడటం మానేసింది. గడ్డి వేర్ల మీద కూడా బతకగలదు గనక, వానలు పడ్డాక భైరవకోన దారిలో బీళ్లు వెతకండి. దొరికితే ఫోటో తీసి నాకు చూపించండి, కానీ చూపించే ముందు ఆకు పచ్చగా ఉందో లేదో మీరే చూసుకోండి. పొగాకు మల్లె ఫోటోలు నా దగ్గర కావలసినన్ని ఉన్నాయి.