కాలయంత్రంలో కదలని భాగం



ఈ స్మారకోపన్యాసం ఎవరి పేరిట జరుగుతోందో ఆ భౌతికశాస్త్రం మాస్టారి దగ్గర నేను రెండేళ్లు చదువుకున్నాను. ఒకరోజు ఆయన క్లాసుకు బొంగరం తెచ్చారు. తాడు చుట్టి బల్ల మీదికి వదిలారు. మేకు మొన మీద అది గిర్రున తిరుగుతూ నిటారుగా నిలబడింది. "తిరిగేదాన్ని అందరూ చూస్తారు. మీరు మధ్యలో నిలబడ్డ ఇరుసును చూడండి" అన్నారు. కాలంలోకీ లోకాంతరాలకీ మనిషిని తీసుకుపోయే కల్పిత యంత్రాల గురించి చదివినప్పుడల్లా ఆ మాట నా చెవిలో మోగుతుంది. అలాంటి యంత్రానికి ప్రాణం దాన్ని నిలిపి ఉంచే భాగంలోనే ఉంటుంది. ఇవాళ నేను చెప్పదలచుకున్నది అదే.

ఆ భాగం లేకపోతే ఏమవుతుందో భాగవతంలో కకుద్మి కథ చెబుతుంది. కూతురు రేవతికి తగిన వరుణ్ణి అడగడానికి ఆ రాజు ఆమెను వెంటబెట్టుకుని బ్రహ్మలోకానికి వెళ్లాడు. అక్కడ గానం సాగుతోంది. ముగిసేదాకా ఆగాడు, అంతే. ఈలోగా భూమ్మీద 27 చతుర్యుగాలు గడిచిపోయాయి. అతను మనసులో అనుకున్న వరులే కాదు, వాళ్ల మనవల పేర్లు కూడా వినబడని కాలం వచ్చింది. తండ్రీకూతుళ్లు చెక్కుచెదరలేదు. తిరిగి రావడానికి వాళ్ల ఊరే మిగల్లేదు.

మడికి సింగన తెలుగు చేసిన వాసిష్ఠ రామాయణంలో లీల కథ దీనికి ఎదురుగా నిలుస్తుంది. భర్త చనిపోతే ఆయన దేహాన్ని పూలతో కప్పి అంతఃపురంలోనే ఉంచుతుంది లీల. సరస్వతి అనుగ్రహంతో ఆ గదిలోని ఆకాశంలోనే మరో లోకాన్ని, అందులో మరో రాజుగా ఏలుతున్న భర్తను చూస్తుంది. లోకాలు దాటిన జీవుడు చివరికి పూల కింది దేహంలోకే తిరిగొస్తాడు. ఆవును గుంజకు కట్టి పలుపు పొడుగ్గా వదిలినట్టు, ఆ ప్రయాణమంతా ఒక గదికి కట్టి ఉంది.

యంత్రాల కాలం వచ్చాక ఈ గుంజను ఇనుముతో, రసాయనంతో ఊహించారు. స్పెయిన్ దౌత్యాధికారి ఎన్రికే గాస్పర్ 1887లో బార్సిలోనాలో ప్రచురించిన 'ఎల్ అనాక్రోనోపెతే' నవలలో విద్యుత్తుతో నడిచే పెద్ద ఇనుప పెట్టె గతంలోకి ప్రయాణిస్తుంది. వెనక్కి వెళ్లేకొద్దీ లోపలివాళ్ల వయసూ తగ్గిపోవాలి కదా! దానికి ఆయన 'గార్సియా ద్రవం' అనే రక్షణ కల్పించాడు. యంత్రాన్ని నడిపే శక్తి ఒక్కటే ఊహించి ఊరుకోలేదు, మనిషిని మనిషిగా నిలిపే ఉపాయం కూడా ఆలోచించాడు. అందుకే నాకాయన మీద అంత గౌరవం.

హెచ్.జి. వెల్స్ 1895 నాటి 'ది టైమ్ మెషీన్' మరో మెట్టు ఎక్కింది. ఆ యంత్రం కాలంలోనే కదులుతుంది, చోటు మారదు. 8,02,701వ సంవత్సరంలో భూగర్భంలో ఉండే మోర్లాక్‌లు దాన్ని పచ్చిక మీద నుంచి ఒక విగ్రహం పీఠంలోకి ఈడ్చుకుపోతారు. ప్రయాణికుడు ఇంటికి తిరిగొచ్చేసరికి యంత్రం ప్రయోగశాలలో ఈ మూల నుంచి ఆ మూలకు జరిగి ఉంటుంది. ఆ జరిగిన దూరమూ, జేబులో వాడిపోయిన రెండు తెల్లపూలూ, అంతే సాక్ష్యం. చోటు నిలకడగా ఉంది కాబట్టే ఆ నాలుగడుగులు సాక్ష్యం చెప్పగలిగాయి.

శాస్త్రవేత్తలకూ ఇదే చిక్కు ఎదురైంది. 1935లో ఐన్‌స్టైన్, రోజెన్ లెక్కల్లో దూరప్రాంతాలను కలిపే వంతెన కనబడింది. కానీ వర్మ్‌హోల్ అనే అలాంటి వంతెన గొంతు కాంతి కిరణమైనా దాటకముందే మూసుకుపోతుంది. కార్ల్ సాగన్ తన 'కాంటాక్ట్' నవల కోసం అడిగిన ప్రశ్నతో కిప్ థోర్న్ దీని మీద కూర్చున్నారు. మైకేల్ మోరిస్‌తో కలిసి 1988లో రాసిన వ్యాసంలో, ఆ గొంతు తెరిచి ఉంచాలంటే రుణశక్తి గల విచిత్ర పదార్థం కావాలన్నారు. ఇక్కడా దారి దొరకడం కన్నా దాన్ని నిలపడమే కష్టం.

ఇక మన సంగతి. 1991లో సింగీతం శ్రీనివాసరావు గారి 'ఆదిత్య 369' మనల్ని 1526 నాటి విజయనగరానికి తీసుకెళ్లింది. నాలుగు వందల అరవై అయిదేళ్లు వెనక్కి వెళ్లిన కథానాయకుడు రాయల సభలో నోరు తెరిచి తెలుగే మాట్లాడాడు. రాయలు తెలుగులోనే బదులిచ్చారు. ఆముక్తమాల్యద రాసిన రాజు కాబట్టి అది మనకు వింతగా తోచలేదు. ఆ యంత్రంలో కనిపించని ఇరుసు మన భాషే.

విజ్ఞాన కల్పనలు రాయాలనుకునే పిల్లలు ఈ సభలో ఉన్నారు. మీ యంత్రానికి ఎన్ని మీటలు, ఎన్ని దీపాలు పెట్టినా సంతోషమే. ముందు మాత్రం ఒక ప్రశ్న వేసుకోండి: అంతా మారిపోతున్నప్పుడు నా ప్రయాణికుడు దేన్ని పట్టుకుని ఉంటాడు? జవాబు దొరికిన రోజు మీ కథ నిలబడుతుంది. మాస్టారు ఆ బల్ల మీద చూడమన్నది దాన్నే.