గురుపదము నందిన గుండు వీరుడు

(రజతోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠము)



పుస్తకములు నిండిన అల్వాల్ గ్రంథాలయమున ఇనుపగుండును గూర్చిన ప్రసంగమేమని కొందరికి తోచవచ్చును. గ్రంథాలయము చేయు పనియు, శిక్షకుడు చేయు పనియు ఒక్కటే. ఒక తరము ఆర్జించిన విద్యను మరియొక తరమునకు అందించుటయే ఆ పని. అందుకై 25 ఏండ్లు ధారపోసిన బహదూర్ సింగ్ చరిత్ర ఇట్టి సభలో స్మరింపదగినది.

షాట్‌పుట్‌ను గుండు విసరుట యందురు. నిజమునకు అది విసరుట కాదు, నెట్టుట. పురుషుల గుండు బరువు 7.26 కిలోలు. దానిని మెడకు ఆనించి, ఏడడుగుల వ్యాసము గల వలయమున నిలిచి, ఒంటిచేత నెట్టవలెను. గుండు భుజము వెనుకకు పోరాదు. నెట్టిన పిమ్మట వలయపు వెనుక సగమునుండియే వెలికి రావలెను. బలమంతయు చేతిలో నుండునని చూచువారు తలంతురు. అది కాళ్ళలో పుట్టి, నడుము మీదుగా భుజమునకెక్కి, తుదకు వ్రేళ్ళను చేరును. ఈ క్రమము ఎరుగని బలాఢ్యుని శ్రమ వ్యర్థము. ఎరిగినవాడు దగ్గర నిలిచి దిద్దినగాని అది అలవడదు.

ఈ విద్యలో బహదూర్ సింగ్ 1974లో టెహరాన్ ఆసియా క్రీడలలో రజతమును, 1978లో బాంకాక్‌లో 17.61 మీటర్లతో స్వర్ణమును, 1982లో ఢిల్లీలో 18.53 మీటర్లతో మరల స్వర్ణమును గడించెను. 1980 మాస్కో ఒలింపిక్సులోను పాల్గొనెను. 1983లో పద్మశ్రీ లభించెను. అంతటితో విశ్రమించియుండినను ఎవరును తప్పుపట్టరు. కాని ఆయన శిక్షకుడై, 1995లో భారత అథ్లెటిక్ జట్టునకు ప్రధాన శిక్షకుడాయెను. 1998లో ద్రోణాచార్య పురస్కారము వచ్చెను.

ఆయన కాలముననే 2003లో అంజు బాబీ జార్జ్ పారిస్ ప్రపంచపోటీల లాంగ్‌జంప్‌లో కాంస్యము నందెను. ఆ యేడే హైదరాబాదులో ఆఫ్రో-ఆసియా క్రీడలు జరిగెను. 2010లో ఢిల్లీ కామన్‌వెల్త్ క్రీడలలో మహిళల డిస్కస్ పతకములు మూడును భారతీయులకే దక్కెను. 2018 జకార్తా ఆసియా క్రీడలలో తజిందర్‌పాల్ సింగ్ తూర్ గుండును 20.75 మీటర్లు నెట్టి స్వర్ణము గెలిచెను. తూర్‌కు స్వంత శిక్షకుడు వేరొకరే. ఐనను తన 18.53ను రెండు మీటర్లకు పైగా దాటిన యువకుడు తన జట్టులో నుండుటకంటె ప్రధాన శిక్షకునకు వేరు బిరుదేల?

2020 జులైలో, 75వ యేట, వయోనియమమును బట్టి ఆయన పదవి వీడవలసి వచ్చెను. మరుసటి యేడు ఆగస్టు 7వ తేదీన టోకియోలో నీరజ్ చోప్రా ఈటెను 87.58 మీటర్లు విసరి ఒలింపిక్ స్వర్ణము తెచ్చెను. ఏండ్ల తరబడి పొలము దున్నినవాడు పంట యింటికి వచ్చునాటికి కళ్ళములో లేడు. ఐనను ఆ దున్నకము వృథా యగునా?

సోదరులారా! పాతికేండ్లుగా పుస్తకములను అందించిన చేతులకు, ఏ పుస్తకము ఏ బిడ్డను ఎంతవానిని చేసెనో తెలియదు. శిక్షకుని స్థితియు అదియే. పరీక్షల పేర ఆటల గంటను బలియీయక, బడిలోని వ్యాయామోపాధ్యాయుని గౌరవించుడు. గ్రంథాలయముతో పాటు క్రీడాస్థలమును కాపాడుకొనుడు. ఫలము చూచువారు మరియొకరైనను, విత్తుట మానరాదు.