బడిలో మన పిల్ల పక్కన ఎవరు కూచుంటున్నారు?

(ఉపాధ్యాయులు, తల్లిదండ్రుల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



బడిలో పిల్లల్ని పిల్లలే ఏడిపించడం గురించి మాట్లాడమన్నారు. చాలామందికి ఇది చిన్న సంగతి. "పిల్లలన్నాక కొట్టుకుంటారు, మళ్లీ కలుస్తారు" అంటారు. గోళీల కాడ వచ్చిన తగాదా సాయంత్రానికి పోద్ది, నిజమే. కానీ ఒకే పిల్లని పదిమంది చేరి, రోజూ అదే మాటతో ఏడిపిస్తే దాన్ని తగాదా అనరు. ఆ మాట పిల్లల నోట్లో పుట్టలేదు. ఇంట్లో, రచ్చబండ కాడ పెద్దలు వాడిన మాటే పుస్తకాల సంచిలో పడి బడికొస్తుంది. మన వాడపిల్ల బడి ఎందుకు మానేసిందని అడిగితే "పేదరికం" అని ఒక్క ముక్కలో తేల్చేస్తారు. పేదరికం ఉంది. దాని పక్కనే ఈ మాట కూడా ఉంది.

మరి తరగతిలో దీన్ని ఎట్టా ఎత్తుకోవాలి? "ఎవరూ ఎవర్నీ వెక్కిరించొద్దు" అని హుకుం వేస్తే అది గంట కొట్టిందాకే పనిచేస్తుంది. ఏడ్చిన పిల్లని లేపి "నిన్నేమన్నారో చెప్పమ్మా" అంటే ఆ పిల్లకు అందరి ముందూ రెండోసారి అవమానం. అందుకని మేము దూరదేశపు కథ ఒకటి తెచ్చుకున్నాం.

ఆ పుస్తకం పేరు 'ఇన్‌సైడ్ అవుట్ అండ్ బ్యాక్ అగైన్'. రాసినామె తాన్‌హా లాయ్. 2011లో వచ్చింది, ఆ ఏడే అమెరికాలో పిల్లల సాహిత్యానికిచ్చే నేషనల్ బుక్ అవార్డు పొందింది. నవలే గానీ మొత్తం పొట్టి పొట్టి వచన కవితల్లో నడుస్తుంది. "మన పిల్లలకు కవిత్వమా?" అని కొందరు నవ్వారు. బుర్రకథలు, వీధి భాగోతాలు చూసి పెరిగిన ఇళ్లు మనవి. పాటలో కథ మనకు కొత్తా? పైగా చదువు తడుముకునే పిల్లకు చిన్న చిన్న పాదాలు భయం పుట్టించవు. ఇంగ్లీషు పుస్తకం కాబట్టి ఒక్కో కవితనూ మన మాటల్లోకి మార్చి చెప్పుకుంటూ పోయాం.

కథలో పదేళ్ల పిల్ల పేరు హా. వియత్నాంలో యుద్ధం. 1975 ఏప్రిల్ 30న సైగాన్ పడిపోయింది. పెరట్లో తన బొప్పాయి చెట్టును వదిలేసి, అమ్మతో, ముగ్గురన్నలతో ఓడెక్కి, చివరికి అమెరికాలోని అలబామా చేరుతుంది. అక్కడి బడిలో ఆమె పేరునే నవ్వు చేసి "హా హా హా" అంటారు. చేతి మీది వెంట్రుకలు లాగుతారు. టీచరు చెడ్డదేం కాదు. ఏ బి సి డిలు చెప్పించి తరగతి చేత చప్పట్లు కొట్టిస్తుంది. తన ఊళ్లో భిన్నాలు నేర్చిన పిల్లకు ఆ చప్పట్లతో ఒళ్లు మండిపోయింది. మొద్దుపిల్లగా బతకడమంటే ఇదా అనుకుంటుంది. ఇది మన పిల్లలకు ఎవరూ విడమరిచి చెప్పక్కర్లేకపోయింది. "మీవాళ్లలో కూడా లెక్కలొచ్చినోళ్లున్నారే" అనే మెచ్చుకోలు వాళ్లకు తెలుసు.

భోజనాల గది కాడికొచ్చాక కథ ఆపాం. ఆ గదిలో ఒక పక్క తెల్ల చర్మం పిల్లలు, ఇంకో పక్క నల్ల చర్మం పిల్లలు. మధ్యరంగు పిల్ల ఎక్కడ కూచోవాలి? రచయిత్రి కూడా పదేళ్ల వయసులో అలబామాలోని మాంట్‌గోమరీకే వచ్చింది. 1955 డిసెంబరు 1న నల్లజాతి స్త్రీ రోజా పార్క్స్ బస్సులో సీటు వదలనన్న ఊరు అదే. తెల్ల బడులూ నల్ల బడులూ వేరుగా ఉండటం చెల్లదని 1954లోనే అక్కడి సుప్రీంకోర్టు చెప్పింది. చట్టం గోడ తీసింది, అన్నం బల్ల కాడ గీత మిగిలింది. మనకూ రాజ్యాంగం 17వ అధికరణం అంటరానితనాన్ని రద్దు చేసింది. అంతకుముందు అంబేద్కర్ బడిలో ఇంటినుంచి తెచ్చుకున్న గోనెపట్టా మీద విడిగా కూచున్నారు, ప్యూను పోస్తేనే నీళ్లు తాగారు.

నల్లబల్ల మీద హా బడి భోజనాల గది గీశాం. ఒక పిల్ల లేచి "మనం మధ్యాన్నం ఎట్టా కూచుంటామో నేను గీయనా?" అంది. సుద్దముక్క తీసుకుని రెండు వరసలు గీసింది, మధ్యలో ఖాళీ. మేము ఒక్క కులం పేరూ ఎత్తలేదు. తరగతంతా ఆ ఖాళీనే చూసింది.

తర్వాత అడిగాం: హా ఏం చెయ్యాలి? "కొట్టాలి!" అన్నారందరూ. కథలో ఒకన్న ఆమెకు దెబ్బ తప్పించుకోవడం నేర్పుతాడు. ఏడిపించేవాడు కొట్టబోతే ఆమె పక్కకు తప్పుకుంటుంది, వాడు కింద పడతాడు. పిల్లలు ఈలలేశారు. తప్పుకోవడం నేర్వాల్సిందే, కాదనం. కానీ అంతటితో మరుగుదొడ్డిలో దాక్కుని ఎండు రొట్టె తిన్న పిల్లకు తోడు దొరకదు. తోడొచ్చింది ఇద్దరు తోటిపిల్లల వల్ల, పక్కింటి ముసలి టీచరమ్మ వల్ల. ఆ టీచరమ్మ కొడుకు వియత్నాం యుద్ధంలోనే చచ్చిపోయాడు. అయినా ఆ దేశపు పిల్లకు రోజూ పాఠం చెప్పింది. స్నేహమంటే నీతివాక్యం కాదు, రేపు ఎవరు ఎవరి పక్కన కూచుంటారన్నదే.

తోటి ఉపాధ్యాయులకు ఒక మాట. కథలో టీచరు వియత్నాం గురించి చెప్పాలని యుద్ధం ఫోటోలే చూపిస్తుంది. హాకు చూపించాలని ఉన్నవి బొప్పాయిలు, కొత్త సంవత్సరం పండగ. మన వాడపిల్లను నిలబెట్టి కష్టాలే చెప్పించి జాలి పుట్టించకండి. ఆ పిల్ల చెప్పాలనుకునేది వాళ్ల నాయన డప్పు గురించి కావచ్చు, అమ్మమ్మ నాట్ల పాట గురించి కావచ్చు.

వెక్కిరింతలు మాయమయ్యాయని మేము చెప్పం. ఒకటి మారింది. ఎవరైనా పేరు పెట్టి ఏడిపిస్తే "ఇదుగో, హా హా హా అంటున్నావు" అని ఇంకో పిల్లే అడ్డం పడుతోంది. బంతిలో ఇప్పుడు హాజరుపట్టీ వరసలో కూచుంటున్నారు. దీనిమీద ఊళ్లోంచి ఇద్దరు ముగ్గురు వచ్చి అడిగారు. విద్యాహక్కు చట్టం, 2009 చూపించాం. ఎనిమిదో సెక్షను వివక్ష కూడదంటుంది. పదిహేడో సెక్షను ఏ పిల్లనీ కొట్టకూడదు, మానసికంగా వేధించకూడదు అంటుంది. కథ పిల్లల నోరు తెరిపిస్తుంది. పెద్దల నోరు మూయించడానికి చట్టం కావాలి, సంఘం కావాలి. బడి కమిటీ సమావేశానికి మీరు రాకపోతే ఆ రెండు వరసలు మళ్లీ వస్తాయి.

అమ్మలారా, సాయంత్రం పిల్ల ఇంటికొస్తే మార్కులెన్ని అని అడుగుతారు. అడగండి. దాంతో పాటు "ఇవాళ అన్నం కాడ నీ పక్కన ఎవరు కూచున్నారు?" అని కూడా అడగండి. "ఎవరూ కూచోలేదు" అంటే, మర్నాడు ఒక్కరే రావద్దు. పదిమంది కలిసి బడికి రండి.

జై భీమ్.